రుజువుకు లొంగని అనుమానం

తర్కాన్ని బోధించే న్యాయశాస్త్రం దృష్టిలో సంశయం తప్పు కాదు. గౌతముడు చెప్పిన 16 పదార్థాల్లో (విచారణాంశాల్లో) అది మూడోది, విచారణకు మొదటి మెట్టు. మసకచీకట్లో దూరాన ఏదో నిలువుగా కనిపిస్తే మోడా, మనిషా అని మనసు ఊగుతుంది. దగ్గరికెళ్లి కొమ్మలో చేతులో చూస్తే తేలిపోతుంది. భార్యాభర్తల మధ్య అనుమానం కూడా ఇలా చూసి తేల్చుకోగలిగినదేనా? దీనికి వాల్మీకి రామాయణమే గట్టి పరీక్ష.

రావణవధ తరువాత సీత ఎదుటికి రాగానే, తాను యుద్ధం చేసింది పరువు కోసమేననీ, ఆమె ఇష్టమొచ్చిన చోటికి వెళ్లవచ్చుననీ రాముడంటాడు. కంటిజబ్బు ఉన్నవాడికి దీపంలా ఆమె తన కంటికి సహించడం లేదంటాడు. జబ్బు కంటిది గాని దీపానిది కాదు గదా! సీత జవాబు ఇంకా సూటిగా ఉంటుంది. హనుమంతుణ్ణి పంపిన నాడే ఈ మాట ఎందుకు చెప్పించలేదు, అప్పుడే ప్రాణం విడిచేదాన్ని, ఇంత యుద్ధశ్రమ తప్పేది కదా అంటుంది. రావణుడు తాకడం తన ఇష్టంతో జరిగింది కాదనీ, తన చేతిలో ఉన్న మనసు మాత్రం భర్త మీదే ఉందనీ చెబుతుంది.

సీత అగ్నిప్రవేశం చేసి, అగ్ని సాక్ష్యమిచ్చాక, ఆమె సంగతి తనకు ముందే తెలుసనీ, లోకం నమ్మాలనే ఇదంతా చేశాననీ రాముడంటాడు. అంటే తీరవలసిన సంశయం అతనిది కాదు, లోకానిది. అది తీరలేదు. ఉత్తరకాండలో రాముడి సహచరుడు భద్రుడు పౌరుల మాటలు మోసుకొస్తాడు. (1963 నాటి 'లవకుశ' సినిమా చూసినవారికి గుర్తుండే చాకలి వాల్మీకిలో లేడు.) రాజే ఇలా ఏలుకుంటే రేపు మన భార్యల విషయంలోనూ ఓర్చుకోవాల్సిందేనన్నది వారి గొణుగుడు. ఇందులో లంకలో ఏం జరిగిందన్న ప్రశ్నే లేదు. భయమల్లా తమ ఇళ్లలో పెత్తనం సడలుతుందని. అలాంటి భయానికి అగ్ని సాక్ష్యం ఏం జవాబు చెబుతుంది? గర్భవతి అయిన సీత అడవికి పోవలసి వచ్చింది.

నైమిశంలో అశ్వమేధ సమయాన వాల్మీకి తన తపస్సును పణంగా పెట్టి ఆమె తరఫున నిలుస్తాడు. తనకు నమ్మకమేనంటూనే రాముడు సభ ముందు శపథం కోరతాడు. కాషాయం కట్టిన సీత తల వంచి, రాముణ్ణి తప్ప మరొకరిని మనసులోనైనా తలచకపోతే తనకు చోటివ్వమని భూదేవిని అడుగుతుంది. శపథం నెగ్గింది, సీత భూమిలోకి వెళ్లిపోయింది. ఆమెను తిరిగి ఇమ్మని రాముడు భూమి మీద మండిపడితే, బ్రహ్మ వచ్చి శాంతపరచవలసి వచ్చింది.