లామకాన్: పేరూ, ఇల్లూ

ఉర్దూ పేరు ఎక్కడ కనిపించినా దాని అర్థం మమ్మల్నే అడుగుతారు. తెలుగు బళ్లో చదివి తెలుగులోనే ఆలోచించే మాకు ఆ పేరు ఎంత కొత్తో అడిగేవాళ్లకు తట్టదు. కూకట్‌పల్లిలో ఉంటున్న మమ్మల్ని ‘లామకాన్’ అంటే ఏమిటని అడిగినప్పుడూ అంతే. మేమూ వెతుక్కోవాల్సి వచ్చింది.

బంజారాహిల్స్‌లో ఒకప్పటి నివాసగృహంలో 2010లో మొదలైన సాంస్కృతిక వేదిక పేరది. నాటకం, సినిమా, చిత్రకళ, చర్చ అన్నింటికీ తలుపు తెరిచిన చోటు. అరబ్బీలో ‘లా’ అంటే లేదు. ‘మకాన్’ అంటే చోటు, ఉర్దూ వాడుకలో ఇల్లు. అంటే చోటు లేనిది, చోటుకు అతీతమైనది. సూఫీలకు ప్రియమైన మాట.

ఢిల్లీలోనూ ఇలాంటి పేరుంది. 1992లో ముగ్గురు కళాకారులు తమ బృందానికి ‘రక్స్’ అని పెట్టుకున్నారు. గిరగిరా తిరిగే దర్వేషుల నాట్యం అది. 2000లో వాళ్లు మరికొందరితో కలిసి నెలకొల్పిన కేంద్రం పేరు ‘సరాయి’. అంటే బాటసారుల సత్రం. ఇది ఫలానావారి పని అని విడగొట్టకుండా, ముగ్గురి పనినీ ఒకే పేరుతో లోకం ముందు పెట్టారు.

కళలో ‘నేను’ కరిగి ‘మేము’ కావడం గొప్ప విషయమే. కానీ సొంత పేరును వదులుకునే స్వేచ్ఛ ఎవరికుంది?

కూకట్‌పల్లి హౌసింగ్‌బోర్డు కాలనీ సందుల్లో టులెట్ బోర్డులు చూసుకుంటూ తిరిగిన మావాళ్లనడగండి. హైటెక్‌సిటీలో ఉద్యోగమనగానే ఇంటాయన మొహం విప్పారుతుంది. కిరాయి, అడ్వాన్సు కుదురుతాయి. చివర్లో ‘ఇంతకీ పేరేంటి బాబూ?’ అంటాడు. చెప్పగానే, నిన్ననే ఇంకెవరికో మాటిచ్చిన సంగతి ఆయనకు గుర్తొస్తుంది. కిరాయి, ఖాళీ, దర్వాజా... ఈ మాటలన్నీ ఉర్దూ తోవనే వచ్చి తెలుగు ఇళ్లలో స్థిరపడ్డాయి. మాటలకు దొరికిన గది మనుషులకు దొరకదు!

ఉండటానికి చోటున్నవాళ్లు చోటుకు అతీతులు కావాలని కోరుకోవచ్చు. మమ్మల్ని మాత్రం ఈ నగరమే లామకాన్‌లను చేస్తోంది. రెండూ ఒకటేనా?

పేర్లూ మతాలూ దాటి రమ్మని మిత్రులంటారు. దాటాలన్నా ముందు కాలు మోపే జాగా ఉండాలి గదా! పేరు మార్చి చెప్పి గది సంపాదించినవాడు, ఊరి నుంచొచ్చిన అమ్మీ మెట్లమీద నిలబడి సొంత పేరుతో పిలిస్తే ఉలిక్కిపడతాడు. పేరు వదులుకోవడమూ, పేరు దాచుకోవడమూ ఒకటి కావు. మొదటిది ఇష్టంతో ఇచ్చేది. రెండోది భయంతో చేసేది.

లామకాన్ అనే ఊహను మేం కాదనడం లేదు. అది మాదీ, మీదీ. అయితే ఒక చోటు నిజంగా అందరిదో కాదో తేల్చే పరీక్ష ఒకటుంది. అక్కడికి ఎవరైనా తమ పూర్తి పేరుతో రాగలగాలి. వచ్చాక ఆ పేరును నలుగురిలో కలిపేసుకోవడమో, అలాగే ఉంచుకోవడమో వాళ్ల ఇష్టం. కళావేదికకైనా, కూకట్‌పల్లిలో అద్దె గదికైనా ఇదే కొలత.