వెల లేని బొమ్మ

టిక్కెట్టు కొనక ఫోనులో దొంగ సినిమా చూచుట పాపమా అని యౌవనులు మమ్మును అడుగుచున్నారు. "ఎవరికి నష్టమండీ అయ్యగారూ?" అందురు. సినిమావారు ధనవంతులే గదా యని మేమును మొదట పెద్దగా పట్టించుకొనలేదు.

అయితే ఆ బొమ్మ నడుమ సిగ్గుమాలిన ప్రకటనలేల వచ్చుచున్నవి? దొంగసొత్తు అమ్మువాని వాకిట మంచి వర్తకుడు తన పేరు వ్రేలాడదీయడు. పేరుగల కంపెనీలు అట్టి చోట్లకు దూరముగా నుండును. మరెక్కడను చోటు దొరకని జూదపువారు, అశ్లీల చిత్రములవారు, ఫోనులో వైరస్ చొప్పించువారు అక్కడ రొక్కమిత్తురు. 2025 నవంబరులో ఐబొమ్మ నడిపెనను ఆరోపణపై హైదరాబాదు పోలీసులు ఒకని పట్టుకొన్నప్పుడు బెట్టింగు యాప్‌ల మాటయు వచ్చెను. కాబట్టి సినిమా ఉచితము కాదు. చూచువారి కన్నులే అచ్చట అమ్ముడుపోవుచున్నవి.

గేహజీ నయమాను వెండిని రహస్యముగా తెచ్చుకొనెను (2 రాజులు 5). కుష్ఠు వానితో ఆగలేదు, సంతతికిని అంటెను. మన యిండ్లలో ఫోను ఒక్కటే గదా! తండ్రి శనివారము రాత్రి సినిమా తొందరలో 'అలో' అని నొక్కును. సోమవారము అదే ఫోనులో పాఠము చదువుకొను బిడ్డ యెదుట ఆ ప్రకటనలు వాటంతట అవే పైకి వచ్చును.