ఆ ఏడుపు ఎవరిది?

స్టేషన్ ఘనపూర్ దగ్గరి ఒక తండాలో నేను రికార్డు చేసిన ఢావ్లో ఇరవై మూడు నిమిషాలుంది. ఇంతవరకూ దాన్ని బయట ఎవరికీ వినిపించలేదు.

ఢావ్లో అంటే పుట్టిల్లు విడిచిపోయే లంబాడీ ఆడపిల్ల తల్లినీ తోబుట్టువులనూ పట్టుకుని ఏడుస్తూ పాడేది. దాన్ని పాట అనాలో ఏడుపు అనాలో నాకిప్పటికీ తేలలేదు. పెద్ద ఆడవాళ్లు నేర్పితేనే వస్తుంది. రమేష్ కార్తీక్ నాయక్ కథల సంపుటికి ఆ పేరే. 2024లో దానికి సాహిత్య అకాడమీ యువ పురస్కారం రావడంతో తెలుగు సాహిత్య సభలు కూడా ఆ మాట విన్నాయి. నేను వెళ్లిన తండాలో మాత్రం ఇప్పటి పెళ్లికూతుళ్లకు అది రాదు. ఒక అవ్వకు వచ్చు.

ఆమె పాడింది. ఫోను ఆపాక, "బిడ్డా, గిది ఎవలెవలు వింటరు?" అని అడిగింది. మీ భాష పోకుండా ఉండాలనీ, కంప్యూటర్లో పెడితే లోకమంతా వింటుందనీ చెప్పాను. "లోకమంతా ఎందుకు వినాలె? అండ్ల మా అత్త చేసిన పనులు జెప్పిన. సచ్చిపోయిన నా బిడ్డ పేరు జెప్పిన" అంది. ఆ సంగతులు అందులో ఉన్నాయని నాకు అప్పటిదాకా తెలియదు. డాక్టరేటు ఉంది గానీ ఆమె భాష నాకు సగమే అర్థమవుతుంది. వాళ్ల మాటల్లో నేను 'కోర్'ని, బయటిదాన్ని.

భాషను కాపాడాలన్న ఆత్రుత అబద్ధమేమీ కాదు. 2011 జనగణనలో 32 లక్షలకు పైగా మంది లంబాడీని మాతృభాషగా చెప్పుకుంటే ప్రభుత్వం వాళ్లను హిందీ కింద జమకట్టింది. ఆ భాషకు సొంత లిపి లేదు. ఇక్కడ తెలుగులో, మహారాష్ట్రలో నాగరిలో, కర్ణాటకలో కన్నడంలో రాస్తారు. ఆదిలాబాద్ జిల్లా గుంజాలలో దొరికిన గోండీ రాతప్రతుల మీద జయధీర్ తిరుమలరావు వంటివారు చేసిన కృషి తర్వాత, 2018లో గుంజాల గోండి లిపికి యూనికోడ్‌లో చోటు దొరికింది. ఇవాళ గోండు పిల్ల ఆ లిపిలో ఫోన్లో రాసుకోగలదు. అది చిన్న విషయం కాదు. 2025లో కేంద్ర ప్రభుత్వం తెచ్చిన 'ఆది వాణి' అనువాద యాప్‌లో సంతాలీ, భిలీ, ముండారీలతో పాటు గోండీ ఉంది. ఆ మొదటి నాలుగింటిలో లంబాడీ లేదు.

అయితే ఇలాంటి యంత్రాలకు మాట నేర్పాలంటే గంటలకు గంటల గొంతులు కావాలి. ఎవరి గొంతులు? మనం వెతుక్కుంటూ పోయేది బడికి పోని, తండా దాటని ముసలి ఆడవాళ్ల దగ్గరికే. మగవాళ్లు పనుల కోసం ఊళ్లు తిరిగి తెలుగు పట్టుకున్నారు. మనం మురిసిపోయే 'కల్తీ లేని భాష' ఆమెకు దక్కని చదువుకు మిగిలిన గుర్తు కూడా. ఇప్పుడు దాన్ని నిలబెట్టమని మళ్లీ ఆడపిల్లకే చెబుతాం. పేట్యా, కాంచళి కట్టి సంప్రదాయం మోయమన్నట్టే ఇదీను. ఇంటర్ చదివే మనవడిని ఇంట్లో లంబాడీలో మాట్లాడమని అడిగినవాళ్లను నేను చూడలేదు.

ఆస్ట్రేలియాలోని టెనెంట్ క్రీక్‌లో వారుముంగు ఆదివాసుల కోసం 2007లో 'ముకుర్తు' అనే డిజిటల్ భాండాగారం తయారైంది. ఏది ఎవరు చూడొచ్చో ఆ సమాజం కట్టుబాట్ల ప్రకారమే నిర్ణయమవుతుంది. ఆడవాళ్లకు చెందినవి ఆడవాళ్లకే తెరుచుకునేలా చేయొచ్చు. చదివినప్పుడు సంబరపడ్డాను. తర్వాత భయం పట్టుకుంది. మన దగ్గర 'సమాజం' అనుమతి అడిగితే సంతకం పెట్టేది ఎవరు? తండా పెద్దలు. అందరూ మగవాళ్లే. ఆ ఢావ్లోలోని అత్త వాళ్లలో ఒకరికి తల్లి. అనుమతి ఇస్తే ఆమె దుఃఖాన్ని వాళ్లు ఇచ్చినట్టు, కాదంటే వాళ్లు దాచినట్టు. రెండింట్లోనూ ఆమె లేదు.

పోనీ చెరిపేస్తే? మనవరాలు నన్ను కాపీ అడిగింది. అవ్వ మాట్లాడుతుంటే అర్థమవుతుంది గానీ తిరిగి జవాబు చెప్పడం తనకు రాదట. ఆ అమ్మాయి సంగతి మరచిపోయి నీతులు మాట్లాడటం నాకు తేలిక.

రెండోసారి వెళ్లినప్పుడు అత్త సంగతి కత్తిరించి ఇవ్వనా అని అడిగాను. అవ్వకు కోపమొచ్చింది. "కోస్తే గది నా ఏడుపెట్లయితది?" మొత్తం మెమరీ కార్డులో వేసి మనవరాలి చేతికిచ్చాను. తాను పోయినంక వినమని ఆమెతో చెప్పింది. నా దగ్గరున్న దాన్ని చెరిపేయమనలేదు, ఉంచుకోమనీ అనలేదు.