శ్రవణభక్తి – చేతిలోని తెర



నవవిధభక్తులను చెప్పుచు ప్రహ్లాదుడు శ్రవణమునే ముందు నిలిపినాడు. పూర్వము హరికథ వినవలెనన్న దేవాలయ మండపమునకు నడచి వెళ్ళవలసియుండెను. 1963లో శ్రీమతి ఎం.ఎస్. సుబ్బులక్ష్మి గానము చేసిన శ్రీవేంకటేశ సుప్రభాతము రికార్డుగా వెలువడి ఇంటింటి ఉదయమును పావనము చేసినది. 2008లో శ్రీవేంకటేశ్వర భక్తి ఛానల్ ఆరంభమై, కొండకు రాలేని వృద్ధులకు సైతము స్వామి కల్యాణోత్సవమును చూపినది. నేడు అన్నమయ్య కీర్తన సెల్‌ఫోనులో వ్రేలికొనకు అందుచున్నది. ఇది స్వామి అనుగ్రహమే; యంత్రమును నిందింపరాదు.

అయినను ఒక్క మాట. కీర్తన ముగియకముందే వ్రేలు తెరను పైకి త్రోయును. మరొక దృశ్యము వచ్చును. త్రోయకున్నను, ఒకటి ముగిసిన వెంటనే మరియొకటి తనంత తానే ఆరంభమగును. మనము దేనియొద్ద ఎంతసేపు నిలిచితిమో గుర్తించి, అట్టివానినే యంత్రము మరల మరల చూపును. అనగా అది మన వాసనలకు అద్దము. కోరినదెల్ల క్షణక్షణము ముందుంచుచుండ, మనస్సు ఒకచోట నిలుచుటెట్లు?

పరీక్షిత్తునకు మిగిలినది ఏడు దినములే. గంగాతీరమున ఆకలిదప్పులు మరచి శుకుని నోట హరికథ వినెను. మనకు ఎన్ని దినములున్నవో తెలియదు. కనుక సంధ్యాదీపము వెలిగించిన పిమ్మట ఇంటిల్లిపాదియు కూర్చుండి ఒక్క కీర్తనను తుదిదాక వినుడు. అది ముగియగానే ఫోనును ప్రక్కన పెట్టి, ఆ పల్లవిని మీ నోట పలుకుడు. విన్నది నోటికి వచ్చిననాడే శ్రవణము కీర్తనమగును.

శ్రీనివాసుడు మనకు ఏకాగ్రతను అనుగ్రహించుగాక!