గెలవని పిల్లల ఆట

"గీ ఆటతోని ఏమొస్తది చెల్లె?"

మూడేళ్ల కిందట ఆర్మూర్‌లో మా ఇంటి అరుగు మీద కూచుని అన్న నన్ను అడిగిన ప్రశ్న ఇది. కోపంగా ఏం అడగలేదు. ఏడో తరగతి చదివే ఆయన బిడ్డ బడి అయినంక గంటసేపు ఫుట్‌బాల్ ఆడతానని పట్టుబట్టింది. ఆ గంట ఎందుకియ్యాలె అన్నది ఆయన లెక్క. పసుపు పండించేవాడు. తొమ్మిది నెలలు నేలలో పెట్టుబడి పెట్టి, చివరికి మార్కెట్‌లో ఏ రేటు పలుకుతుందో తెలియక బతికేవాడు. ఏమొస్తది అనకుండా ఏ పనీ మొదలుపెట్టలేడు.

హైదరాబాద్ నుంచి వెళ్లిన మేనత్తను కదా, నా దగ్గర జవాబు రెడీగా ఉంది. మన జిల్లా పిల్ల పూర్ణ 2014లో ఎవరెస్టు ఎక్కలేదా? నిఖత్ జరీన్ 2022లో బాక్సింగ్‌లో ప్రపంచ ఛాంపియన్ కాలేదా? ఫుట్‌బాలే కావాలంటే గుగులోత్ సౌమ్య ఉంది. మన జిల్లా పిల్లే. ఇండియాకు ఆడింది, క్రొయేషియాలో డైనమో జాగ్రెబ్ క్లబ్ దాకా వెళ్లింది. స్పోర్ట్స్ కోటా ఉంటుంది, నౌకరీ వస్తది అన్నాను. అన్న ఒప్పుకున్నాడు. వాదన గెలిచానని సంబరపడుతూ బస్సెక్కాను.

నేను లెక్కలోకి తీసుకోని సంగతి ఒకటుంది. మా మేనకోడలు అంత బాగా ఆడదు.

ఆట మీద ప్రేమ ఉంది. ఉరుకుతుంది, పడుతుంది, నవ్వుతుంది. రెండుసార్లు సెలక్షన్స్‌కి వెళ్లింది, రెండుసార్లూ పేరు రాలేదు. రెండోసారి అయినంక అన్న ఫోన్ చేశాడు. "నువ్వే చెప్తివి గదా, కోటా వస్తదని. రాలే. ఇగ సాలు." ఆయన మాటలో తప్పు పట్టడానికి ఏమీ లేదు. నేను పెట్టిన షరతునే నాకు గుర్తుచేశాడు. ఆట ఆగిపోయింది. ఆపింది అన్న కాదు, నా వాదన.

2025 జూన్‌లో ఆసియా కప్ అర్హత మ్యాచ్‌లు ఆడటానికి ఇండియా మహిళల జట్టు థాయ్‌లాండ్‌లోని చియాంగ్ మాయ్ వెళ్లింది. మొదటి మ్యాచ్‌లో మంగోలియాను 13-0తో ఓడించింది. సౌమ్య కూడా గోల్ కొట్టింది. జులై 5న థాయ్‌లాండ్‌నే వాళ్ల నేల మీద 2-1తో ఓడించారు. రెండు గోల్సూ సంగీతా బాస్ఫోర్‌వి. అర్హత మ్యాచ్‌లు ఆడి ఇండియా ఆసియా కప్‌కి వెళ్లడం అదే మొదటిసారి. 1983 ఆసియా ఫైనల్లో ఇండియాను ఓడించి కప్పు ఎత్తుకున్నది ఇదే థాయ్‌లాండ్. నాకూ సంతోషమైంది. కానీ ఆ 13-0 నన్ను వేరే మ్యాచ్ దగ్గరికి లాక్కుపోయింది.

2019 ప్రపంచ కప్, ఫ్రాన్స్‌లోని రీమ్స్ ఊరు. అమెరికా 13, థాయ్‌లాండ్ సున్నా. పదో గోల్ తర్వాత కూడా అమెరికా వాళ్లు అంతలా సంబరాలు చేసుకోవాలా అని లోకమంతా వాదించుకుంది. ఆ వాదన నాకు అంత ముఖ్యం కాదు. దయతలచి మెల్లగా ఆడటం కూడా అవతలివాళ్లను చిన్నచూపు చూడటమే. నాకు గుర్తుండిపోయింది ఐదు రోజుల తర్వాతి సంగతి. స్వీడన్‌తో మ్యాచ్‌లో 4-0తో వెనకబడి ఉన్నప్పుడు, ఆట ముగిసే క్షణాల్లో థాయ్ అమ్మాయి కాంజనా ఒక గోల్ కొట్టింది. ఆ పేరు మన కాంచనే. బెంచీ దగ్గర జట్టు మేనేజర్ నువాల్ఫాన్ లామ్సామ్ వెక్కి వెక్కి ఏడ్చింది. ఆమె ఒక బీమా కంపెనీ అధిపతి. ఆడుకుంటూనే బతికేందుకు కొందరు అమ్మాయిలకు తన కంపెనీలో ఉద్యోగాలిచ్చింది. మ్యాచ్ 5-1తో పోయింది. ఆ ప్రపంచ కప్‌లో మూడు మ్యాచ్‌లూ ఓడి, 20 గోల్స్ ఇచ్చి, ఒక్కటి కొట్టి ఇంటికెళ్లారు.

ఆ ఒక్క గోల్‌తోని ఏమొచ్చింది?

పాయింట్ల పట్టికలో ఏమీ రాలేదు. అయినా ఆ ఏడుపు చూసినవాళ్లెవరూ అది వృథా అనలేరు. ఎందుకు అనలేమో చెప్పమంటే మాత్రం తడబడతాం. ఇలాంటి గోల్సే రేపటి గెలుపుకు పునాది అంటాం. ఇంట్లో పసుపు మండలు చూసి నేనూ అలాగే అనుకున్నాను. కొమ్ము కంటే మండకు రేటు తక్కువ. కానీ వచ్చే ఏడాదికి విత్తనంగా దాన్నీ దాచుకుంటారు. గెలవని పిల్లలు వందమంది ఆడితేనే ఒక సౌమ్య వస్తుంది. ఇది నిజమే. కానీ చూడండి, మళ్లీ లెక్కే చెప్తున్నాను. ఇంకొకరి గెలుపుకు విత్తనమైతేనే ఈ పిల్ల ఆటకు విలువ అంటున్నాను.

పేద ఇంట్లో ఆట కోసం ఆట అనే మాట పట్నం నుంచి వచ్చిన అత్తలకే చెల్లుతుంది అనొచ్చు. పైసలు లేనిచోట ప్రతి గంటకూ ఖరీదుంటుంది, ఒప్పుకుంటాను. కానీ మా ఇంట్లోనే ఇంకో గంట ఉంది. మా అన్న కొడుకు రోజూ సాయంత్రం సిద్ధుల గుట్ట కింద క్రికెట్ ఆడతాడు. వాడూ ఏ సెలక్షన్‌లోనూ లేడు. బౌలింగ్ అయితే మరీ ఘోరం. వాణ్ణి మాత్రం ఏమొస్తది అని ఎవరూ అడగలేదు. నేను కూడా. పేదరికం ఇద్దరికీ ఒకటే, లెక్క మాత్రం బిడ్డకే.

అన్యాయం అక్కడుందని నాకు ఆలస్యంగా తెలిసింది. ఆడపిల్ల ఆటకు కారణం చెప్పాల్సి రావడమే అన్యాయం. ఆ కారణాన్ని గొప్పగా చెప్పి, ప్రశ్న సరైనదేనని నేను ఒప్పేసుకున్నాను. పూర్ణ, నిఖత్, సౌమ్యలు మా జిల్లా ఆడపిల్లలకు తలుపు తెరిచారు. మాలాంటి వాళ్లం ఆ ముగ్గురి ఎత్తునే తలుపుకు కొలతగా పెట్టేశాం. అంతకంటే పొట్టి పిల్లలు బయటే నిలబడ్డారు.

మొన్న పసుపు తవ్వకాలప్పుడు ఆర్మూర్ వెళ్లాను. సాయంత్రం ఐదు. మేనకోడలు కుప్ప దగ్గర కూచుని వాళ్లమ్మతో పాటు మండల నుంచి కొమ్ములు విరుస్తోంది. చేతులు పచ్చగా ఉన్నాయి. ఒకప్పుడు అది ఆమె ఆట గంట.

"ఆడబుద్ధయితలేదా?" అని అడిగాను.

"అయితది అత్తా. కానీ నేను మంచిగ ఆడ కదా" అంది, తలెత్తకుండానే.

ఆ మాట ఆమెకు నేర్పింది నేనే. అన్న వచ్చేదాకా అరుగు మీద కూచున్నాను. ఈసారి సౌమ్య పేరు ఎత్తలేదు. "పిలగాణ్ణి ఎన్నడన్న అడిగినవా అన్నా, క్రికెట్‌తోని ఏమొస్తదని?" అన్నాను. అన్న నవ్వబోయి ఆగిపోయాడు. జవాబు చెప్పలేదు. ఆయన మౌనం ఒప్పుకోలు కాదని నాకు తెలుసు. కానీ మూడేళ్ల కిందట నేనిచ్చిన జవాబు కంటే అది నిజాయితీగా అనిపించింది.