పగ తీర్చినవాడే వారసుడా?

తండ్రిని చంపినవాణ్ణి కొడుకు చంపితేనే ఇంటి పరువు నిలుస్తుందని మన సినిమాలు నమ్మించేశాయి. 2017లో వచ్చిన ‘బాహుబలి’ రెండో భాగంలో చెరలో మగ్గిన తల్లి దేవసేన ఏళ్ల తరబడి పుల్లలు ఏరి పేర్చిన చితి మీదే చివరికి భల్లాలదేవుడు కాలుతాడు. కోరుట్లలో చూసినా సిరిసిల్లలో చూసినా ఆ ఘట్టానికి ఈలలు పడాల్సిందే. కానీ పగ తీర్చడం నిజంగా పుత్రధర్మమేనా? కాదనడానికి సాక్ష్యం జగిత్యాల జిల్లాలోనే, గోదావరి ఒడ్డున ధర్మపురిలో కొలువైన నరసింహస్వామి కథలోనే ఉంది.

భాగవతంలో హిరణ్యకశిపుడి కథ కూడా ఒక రకంగా రెండో భాగమే. మూడో స్కంధంలో వరాహమూర్తి చేతిలో తమ్ముడు హిరణ్యాక్షుడు చస్తాడు. ఏడో స్కంధంలో అన్న పగబట్టి, విష్ణువు మెడ నెత్తురుతో తమ్ముడికి తర్పణం వదులుతానని శపథం చేస్తాడు. ఆ ఇంట పుట్టిన ప్రహ్లాదుడికి రావాల్సిన వారసత్వం ఆ పగే. అతడు దాన్ని ముట్టలేదు. నరసింహుడి చేతిలో తండ్రి హిరణ్యకశిపుడు హతమయ్యాక స్వామి వరం కోరుకోమంటే, తండ్రి పాపం పోవాలన్నాడు. ఇరవై ఒక్క తరాల పితరులతో సహా హిరణ్యకశిపుడు పవిత్రుడయ్యాడని స్వామి పలికి, తండ్రికి ఉత్తరక్రియలు చేయమన్నాడు. అదే ఇరవై ఒకటి పరశురాముడి కథలోనూ వస్తుంది. తండ్రి జమదగ్ని హత్యకు ప్రతిగా అతడు ఇరవై ఒక్కసార్లు క్షత్రియులను నరికి, ఆ నెత్తురు మడుగుల్లోనే పితరులకు తర్పణాలిచ్చాడు. అప్పుడు ఆ పితరులే ప్రత్యక్షమై ఇక చాలు, ఓర్చుకో అన్నారని భారతం ఆదిపర్వం చెబుతుంది. పరశురాముడు వాళ్లను కోరిన వరం కూడా ఆ హత్యల పాపం నుంచి విముక్తే. ఎవరి పేరు చెప్పి పగ తీర్చుకున్నాడో, వాళ్లే ఆపమన్నారు.

నరసింహుడు చంపలేదా అని ఎవరైనా అడగొచ్చు. చంపాడు. అయితే ఆ ఉగ్రరూపం ముందుకు లక్ష్మీదేవి కూడా వెళ్లలేకపోతే, శాంతింపజేసినవాడు హతుడి కొడుకే. ఇంతకన్నా గట్టి అభ్యంతరం ఈ నేలమీదే ఉంది: ఓర్చుకోమనడం దొరలకు పనికొచ్చే నీతి కాదా? 1978 సెప్టెంబర్ 7న జగిత్యాల జైత్రయాత్రలో కదిలిన రైతుకూలీలు ఓర్చుకునే ఉంటే వెట్టి పోయేదా? ఆ అక్టోబరులోనే జగిత్యాల, సిరిసిల్ల తాలూకాలను ప్రభుత్వం కల్లోలిత ప్రాంతాలుగా ప్రకటించింది. తర్వాతి ఏళ్లలో నెత్తురు పారలేదనీ అనలేం. అయినా జనం అడిగింది వెట్టి రద్దు, దొరలు ఆక్రమించిన భూములు, న్యాయమైన కూలి. అవి ఇస్తే తీరిపోయే బాకీలు. ప్రహ్లాదుడూ తండ్రి అధర్మానికి తలవంచలేదు, ఏనుగులతో తొక్కించినా మాట మార్చలేదు. ఎదిరించడం వేరు, పగబట్టడం వేరు. హక్కుకు కొలత ఉంది, పరువుకు లేదు. అందుకే పరువు కోసం చేసిన హత్య అవతలి ఇంట్లో మరో కొడుకుకు పని అప్పజెబుతుంది, కథకు మూడో భాగం తప్పదు.

పితరులను తృప్తిపరచడానికి ధర్మం అడిగేది దోసిట్లో నువ్వులు, నీళ్లు. తండ్రి పొలాన్నీ అప్పునూ కొడుకు నెత్తికెత్తుకోవచ్చు. పగను మాత్రం తండ్రితోనే సాగనంపాలి. పితరులు ఆగమన్నాక కూడా కత్తి దూసేవాడు తీర్చుకునేది సొంత కక్షే.