ఆడినవాడి మాట ఎంతవరకు ప్రమాణం?

2019 ఏప్రిల్ 15న ప్రపంచకప్‌కు వెళ్లే జట్టును ప్రకటించినప్పుడు సెలక్షన్ కమిటీ పెద్ద ఎమ్మెస్కే ప్రసాద్. ఆ జట్టులో చోటు దక్కనివాడు అంబటి రాయుడు. ఇద్దరిదీ గుంటూరే. రాయుడి బదులు విజయ్ శంకర్ ఎందుకంటే బ్యాటింగు, బౌలింగు, ఫీల్డింగు మూడు డైమెన్షన్లలోనూ అక్కరకొస్తాడని ప్రసాద్ చెప్పాడు. ప్రపంచకప్ చూడ్డానికి త్రీడీ కళ్లద్దాలు ఆర్డరు చేశానని మర్నాడు రాయుడు ట్వీటు పెట్టాడు. జూలై 3న మొత్తం ఆటకే సెలవన్నాడు, రెండు నెలలు తిరక్కుండానే మనసు మార్చుకున్నాడు. ఆ తగవులో న్యాయం ఎవరిదన్నది ఇప్పుడు తేల్చాల్సిన పని కాదు. ఆ తర్వాతి కాలంలో ఇద్దరూ మైకు పట్టి వ్యాఖ్యాతలయ్యారన్నదే ఇక్కడ కావలసిన సంగతి. 2022లో పల్నాడు వేరు జిల్లా అయ్యేదాకా నరసరావుపేట, మాచర్ల, గురజాల కూడా వాళ్ల గుంటూరు జిల్లాలోవే. అక్కడ టీవీ ముందు కూర్చున్నవాళ్లు ఈ ఇద్దరి మాటకూ ఇచ్చే విలువ వెనక ఒకే కారణం ఉంటుంది: వాళ్లు ఆడినవాళ్లు, వాళ్లకు తెలుసు. పైకి చిన్న నమ్మకమే. కానీ ఒకరి మాటను మరొకరు జ్ఞానంగా ఎప్పుడు తీసుకోవచ్చు అన్న పాత ప్రశ్న దీని అడుగున ఉంది. మన దార్శనికులు దీనిమీద గట్టిగానే తలలు బద్దలు కొట్టుకున్నారు.

న్యాయ దర్శనం నాలుగు ప్రమాణాలను ఒప్పుకుంటుంది: ప్రత్యక్షం, అనుమానం, ఉపమానం, శబ్దం. శబ్దమంటే ఆప్తుడు చెప్పిన మాట అని గౌతముడి సూత్రం. మరి ఆప్తుడెవరు? భాష్యం రాసిన వాత్స్యాయనుడు దీనికి పెట్టిన షరతుల్లో ఎక్కడా కులం లేదు, పదవి లేదు, బిరుదు లేదు. విషయాన్ని నేరుగా ఎరిగి ఉండాలి. ఎరిగినదాన్ని ఉన్నది ఉన్నట్టు చెప్పాలన్న కోరిక ఉండాలి. మరోచోట వినేవాడి మీద దయ కూడా ఉండాలంటాడు. ఋషికైనా, ఆర్యుడికైనా, మ్లేచ్ఛుడికైనా ఈ లక్షణం సమానమేనని తేల్చేస్తాడు. ఆ కాలానికి ఇది చిన్న మాట కాదు. ఈ కొలతతో చూస్తే మన నమ్మకంలోని లోటు వెంటనే కనపడుతుంది. ఆట ఆడటం మొదటి షరతును తీరుస్తుంది, అదీ కొంతవరకే. రెండోదాన్ని మైదానం నేర్పదు. నేర్పకపోగా, ఇరవై ఏళ్లపాటు ఒక జట్టు రంగు వేసుకున్నవాడికి ఉన్నది ఉన్నట్టు చెప్పడం మామూలువాడి కన్నా కష్టం కావచ్చు. ఆడినవాడి మాట ప్రమాణమయ్యేది అతడు ఆడినందువల్ల కాదు, తనకు నష్టమని తెలిసినచోట కూడా చూసింది చెప్పినందువల్ల. ఈ వ్యాసం నిలబడేది ఈ మాట మీదే.

రుజువుకు ఎక్కువ దూరం పోనక్కర్లేదు. ఆటగాళ్లుగా ఉండి వ్యాఖ్యాతలైన తెలుగు మూలాలవాళ్లలో తొలితరం మనిషి విజ్జీ. పూసపాటి వంశంలో పుట్టి కాశీలో స్థిరపడ్డ ఈ విజయనగరం రాకుమారుడు 1936లో ఇంగ్లండు వెళ్లిన భారత జట్టుకు కెప్టెన్. మూడు టెస్టుల్లో చేసింది మొత్తం 33 పరుగులు. మంచి ఊపు మీదున్న లాలా అమర్‌నాథ్‌ను మధ్యలోనే ఇంటికి పంపేసిన పర్యటన కూడా అదే. తరవాత ఆయన రేడియో వ్యాఖ్యాత అయ్యాడు, 1959లో బీబీసీ పిలిచి మరీ మైకు ఇచ్చింది. తాను కొట్టిన పులుల లెక్క ఆయన చెప్పుకుంటుంటే, తుపాకీ దేనికి, మీ వ్యాఖ్యానం వస్తున్న రేడియోను అడవిలో వదిలి ఉంటారు అని ఎవరో అన్నారని క్రికెట్ లోకంలో ఒక హాస్యం ఉంది. జరిగిందో లేదో గానీ, కెప్టెన్ అన్న హోదా వినసొంపైన నిజంగా దానంతటదే మారదని జనం ఎప్పుడో గ్రహించారు. బయటి ప్రపంచంలో దీనికి తిరగేసిన ఉదాహరణ ఐస్ హాకీలో ఉంది. 1980 ఫిబ్రవరి 22న లేక్ ప్లాసిడ్ ఒలింపిక్స్‌లో అమెరికా కుర్రాళ్లు సోవియట్ జట్టును 4-3తో ఓడించారు. అమెరికా టీవీలో ఆ ఆట చెప్పినవాళ్లు ఇద్దరు. ఒకరు కెన్ డ్రైడెన్, మాంట్రియల్ జట్టు గోల్‌కీపర్‌గా ఆరు స్టాన్లీ కప్‌లు గెలిచి అంతకు ముందు ఏడే విరమించినవాడు. రెండోవాడు అల్ మైకేల్స్, ఆటగాడు కాదు, అప్పటికి ఐస్ హాకీ వ్యాఖ్యానంలోనూ పెద్ద అనుభవం లేదు. ఆఖరి సెకన్లలో మైకేల్స్ వేసిన కేకే నేటికీ అమెరికా చెవుల్లో ఉంది. డ్రైడెన్ గొప్ప మాటలు చెప్పింది ఆ పెట్టెలో కాదు, మూడేళ్ల తర్వాత రాసిన పుస్తకంలో. అందులో తన భయాలనూ సందేహాలనూ దాచుకోలేదు.

దీనికి గట్టి ఆక్షేపణ ఒకటుంది. లోపలి సంగతి లోపలున్నవాడికే తెలుస్తుంది కదా? గంటకు నూట నలభై కిలోమీటర్ల బంతి ఛాతీ మీదికి లేస్తుంటే కాళ్లు ఏమవుతాయో కుర్చీలో కూర్చున్నవాడు ఎలా చెబుతాడు? ఒప్పుకోవాల్సిందే. ఆరు టెస్టులు, పదిహేడు వన్డేలు ఆడిన ప్రసాద్ వికెట్ కీపర్. ప్రతి బంతినీ చివరిదాకా చూడక తప్పని పని అది. ఆటలో ఉంటూనే సగం ప్రేక్షకుడిగా ఉండే చోటు. డ్రైడెన్‌దీ అలాంటి చోటే. స్పిన్నరు చేతిలోంచి బంతి వదలకముందే అతడి మణికట్టు ఏం చెబుతోందో కీపర్ చెబితే అందులో పుస్తకాలకు దొరకని సరుకుంటుంది. కానీ అనుభవం తెలుసుకునేది ఒకటి, దాని నుంచి తేల్చేది మరొకటి. మిరపకాయలు కోసిన చేతికి మంట తెలుస్తుంది, యార్డులో ధర ఎందుకు పడిందో ఆ మంట చెప్పదు. పైగా పాత మంట కొత్త చూపును కమ్మేయగలదు. 2024 మేలో ఐపీఎల్‌లో చెన్నై జట్టు బెంగళూరు చేతిలో ఓడి ప్లేఆఫ్‌కు దూరమైన తరవాత బెంగళూరు సంబరాల మీద రాయుడు విసిరిన మాటలు పెద్ద రచ్చయ్యాయి. చెన్నైకి ఆడి మూడు టైటిళ్లు గెలిచినవాడికి ఆ కసి ఉండటం సహజం. అయితే అప్పుడు మనం విన్నది చూసినవాడి మాట కాదు, ఓడిన డ్రెస్సింగ్ రూమ్ మాట.

ఈ వాదాన్ని రెండో కొసకు లాగేవాళ్లూ ఉన్నారు. కర్త ఎన్నటికీ సాక్షి కాలేడని, సాక్షి అంటే అసలు చేయనివాడని వాళ్లంటారు. ముండకోపనిషత్తులో ఒకే చెట్టు మీద రెండు పక్షులు, ఒకటి పండు తింటుంది, రెండోది ఊరికే చూస్తుంది. ఆ లెక్కన పండు తిన్న పక్షిని వ్యాఖ్యాన పెట్టెలో కూర్చోబెట్టడమే తప్పు. కానీ ఆ ఉపమానం ఆత్మ గురించి, సాక్ష్యం చెప్పే మనిషి గురించి కాదు. లౌకిక వ్యవహారంలో కర్త, సాక్షి అన్నవి రెండు జాతులు కావు. మాచర్ల పక్కనున్న కొండకు సంప్రదాయం ఏ బౌద్ధాచార్యుడి పేరు పెట్టిందో ఆ నాగార్జునుడే మూలమధ్యమక కారిక ఎనిమిదో ప్రకరణంలో దీన్ని పరీక్షించాడు. కర్మను బట్టి కర్త, కర్తను బట్టి కర్మ. పని లేకుండా ముందే విడిగా నిలబడి ఉన్న కర్త ఎక్కడా దొరకడు. దీన్ని మన ప్రశ్నకు వర్తింపజేస్తే ఆటగాడు అన్నది కూడా ఆట ఉన్నంతవరకు ఉండే సంబంధమే, చచ్చేదాకా మనిషికి అతుక్కుని ఉండే సారం కాదు. బ్యాటు పక్కన పెట్టినవాడు సాక్షి కావడానికి తాత్విక అడ్డంకి లేదు. అదే తర్కం రెండోవైపు కూడా కోస్తుంది. ఆట ఆగిపోయాక ఆటగాడన్న అధికారం మాత్రం వెంట వస్తుందని ఎలా అంటాం? నాగార్జునుడి లక్ష్యం మోక్షం, ఆయన్ను క్రికెట్‌కు లాగడం అపచారమని ఎవరైనా అనొచ్చు. కర్తృత్వం గురించి అంత సూటిగా అడిగినవాడిని ఆరామాలకే వదిలేయడం అంతకన్నా అపచారమని నా అభిప్రాయం.

ఇక మిగిలింది ఉద్యోగం సంగతి. వ్యాఖ్యాతకు జీతమిచ్చేది ప్రసార సంస్థ, దాని వెనక బోర్డు. అలాంటప్పుడు ఉన్నది ఉన్నట్టు చెప్పడం ఎలా కుదురుతుంది? ఇది ఊహ కాదు. హైదరాబాదులో పుట్టి అక్కడి ఆకాశవాణిలో గొంతు సవరించుకున్న హర్షా భోగ్లే 2016 ఐపీఎల్ ముంగిట పక్కకు వెళ్లాల్సి వచ్చింది. 2020 మార్చిలో సంజయ్ మంజ్రేకర్‌కూ అదే జరిగింది. ఒకరు అంతర్జాతీయ క్రికెట్ ఆడనివారు, ఒకరు ముప్పై ఏడు టెస్టులు ఆడినవారు. ఆడటం ఆడకపోవడం అక్కడ ఏ రక్షణా ఇవ్వలేదు. కానీ కొలువు ఉంది కనక నిజం కుదరదంటే మహాభారతమే అడ్డొస్తుంది. సంజయుడు ధృతరాష్ట్రుడి కొలువులోనివాడు. యుద్ధభూమికి దూరంగా కూర్చుని చూసినవాడు మాత్రమే అని మనం అనుకుంటాం గానీ, శల్యపర్వంలో అతడు సాత్యకికి చిక్కి, చావు దాకా పోయి, వ్యాసుడి మాట వల్ల బయటపడతాడు. అంటే పోరులో ఒక పక్షాన ఉన్నవాడే. అయినా కొడుకులు చస్తున్న కథను ఆ తండ్రికే చెబుతూ, ఇదంతా నీ అన్యాయపు ఫలమేనని పదేపదే ముఖాన అంటాడు. పక్షం లేకపోవడం అతడి యోగ్యత కాదు. పక్షం కోసం ఫలితాన్ని మార్చకపోవడం యోగ్యత. కారంపూడిలో కార్తీక అమావాస్యతో మొదలయ్యే వీరారాధనలో పల్నాటి కథ పాడే వీరవిద్యవంతులదీ ఇదే దారి. వాళ్లు తటస్థులు కారు, బ్రహ్మనాయుడి వైపు వీరుల్ని దేవుళ్లుగా కొలిచేవాళ్లు. కోడిపోరులో మోసం జరిగిందని చెప్పుకునే కథనాలూ ఉన్నాయి. అయినా తమ పక్షం పందెం ఓడి ఏడేళ్లు వలసపోయిందన్నది అలాగే ఉంచి పాడతారు. అభిమానులకు అభిమానమే కావాలి, నిజం ఎవడిక్కావాలి అనే టీవీ లెక్కకు ఇంతకన్నా పాత జవాబు పల్నాడులో మరొకటి లేదు.

మొదటి షరతు గురించి కొంతవరకే అన్న మాటకు కారణం చెప్పాలి. నేరుగా ఎరగడం ఒకసారి జరిగి ఊరుకునేది కాదు. ప్రసాద్ భారత్‌కు ఆడింది 1998 నుంచి 2000 దాకా. అప్పటికి టీ20 పుట్టనే లేదు. పవర్‌ప్లేలో మూడో ఓవరు స్పిన్నరు చేతికి ఎందుకిచ్చారో వివరించేటప్పుడు ఆయన వాడాల్సింది కీపర్ గ్లవ్స్ జ్ఞాపకం కాదు, ఆ తరవాత సెలక్టరుగా, కోచింగు వ్యవహారాల్లో ఉంటూ చూసి నేర్చుకున్నది. రాయుడు 2023 దాకా ఆడాడు కనక ఇంకొన్నేళ్లు ఆ ఇబ్బంది లేదు, ఆ తరవాత అతడికీ తప్పదు. ప్రసాద్ మరో రకంగా కూడా సాక్షి. నాలుగేళ్లు తలుపు మూసిన గదిలో జట్లను ఎంచినవాడు. రాయుడి విషయంలో తనకూ బాధ కలిగిందని ఆ పదవి చివరి రోజుల్లో ఆయన అన్నాడు. ఆ గదిలో ఏ వాదనలు నడిచాయో, ఎక్కడ అంచనా తప్పిందో ఆయనే చెప్పగలడు. రాయుడు తన తొందర గురించి చెప్పగలిగినట్టే. ఇంకొకరి కవర్ డ్రైవ్ గురించి వాళ్లు చెప్పేదాన్ని ఇంకెవరైనా చెబుతారు. వాళ్లు తప్ప మరొకరు చెప్పలేనిది 2019 ఏప్రిల్ గురించే, వ్యాఖ్యాన పెట్టెలోకి రావాల్సిన ప్రశ్న అదే.